బియాజో పెదవులు

కాలాస్పినా దగ్గర సముద్రం ఎంత లోతో ఎవరూ కొలవలేదు గానీ, ఆ ఊరివాళ్ల కోతలు దానికి రెండింతల లోతుంటాయని చుట్టుపక్కల రేవులన్నిటికీ తెలుసు. ఒకసారి ద్రాక్షసారా పీపాలో పడి, నిక్షేపంగా బతికి బయటపడిన ఆక్టోపస్ ఒకటి, ఆ తర్వాత ప్రతి ఆదివారం పూజ ముగిసే వేళకి సారాకొట్టు గడప దాకా పాకి వచ్చి కూర్చునేదని అక్కడి ముసలివాళ్లు శిలువ గుర్తు వేసుకుని మరీ చెబుతారు. అలాంటి ఊళ్లో అబద్ధమాడడం చేతకాని మనిషి ఒకే ఒక్కడుండేవాడు. అతని పేరు బియాజో. చేతకాకపోవడం అతని గొప్పతనమేమీ కాదు. చేసుకున్న పెళ్లి అలాంటిది.

అతని భార్య నుంజియాకు చిన్నప్పుడే జ్వరమొచ్చి చెవులు పోయాయి. గొంతు మిగిలింది గానీ, తన గొంతు తనకే వినపడదు కాబట్టి ఇల్లు దాటాక దాన్ని పొదుపుగా వాడేది. ఎదుటివాళ్ల మాట పెదవుల మీద చదివేది. చదవడమంటే మామూలు చదువు కాదు. వీధి ఆ చివర ఇద్దరు గుసగుసలాడుకుంటుంటే ఈ చివర కిటికీలోంచి చూసి నవ్వుకునేది. ఆమె ముందు గుట్టు దాచుకోవాలనుకున్న ఆడవాళ్లు తలగుడ్డ అంచుతో నోరు మూసుకునేవాళ్లు.

పెళ్లైన నాటి నుంచి బియాజో ఆమె కోసం ప్రతి మాటనూ పెదవులు నిండుగా కదిపి, నిదానంగా, పిల్లకు ముల్లు తీసి చేప ముక్క పెట్టినట్టు పలకడం నేర్చుకున్నాడు. పోనుపోను అదే అలవాటైపోయింది. చేపల బేరంలోనూ అంతే, గురువు ముందు పాపాలు ఒప్పుకునే పాపసంకీర్తనంలోనూ అంతే. సారాకొట్టు తద్దెయో వేళాకోళమాడేవాడు.

“బియాజో మామా, నేను చెవిటివాణ్ణి కాదయ్యా, పిసినారిని. అంత విడమర్చి అడిగినా గ్లాసు అంచుదాకా పోయను.”

భార్యతో ఏదైనా దాచవలసి వస్తే బియాజోకు ఒకటే దారి. మొహం తిప్పుకోవడం. రొట్టెల పొయ్యి వైపు తిరిగి, కట్టెలు ఎగదోస్తున్నట్టు నటిస్తూ ఏదో ఒకటి గొణిగేవాడు. నుంజియా బావి దగ్గర అనేది, “మా ఆయన నాతో నిజమే చెబుతాడు. అబద్ధాలన్నీ మా పొయ్యికి చెబుతాడు.” ఆడవాళ్లంతా పడీపడీ నవ్వేవాళ్లు.

వాళ్లకు ఒక్కడే కొడుకు, సావేరియో. పొడుగరి, ఎర్రజుట్టువాడు. తల్లితో మాట్లాడుతూ వంట గదంతా గంతులేసేవాడు, అయినా మొహం మాత్రం ఆమె వైపే ఉండేది. ఒక నవంబరులో, తండ్రి నడుము పట్టేసి మంచం మీద ఉండగా, వాడు ఇంకెవరి పడవలోనో వేటకు వెళ్లాడు. సాయంత్రం గాలి తిరిగింది. పడవ రాలేదు. ఆ పడవలోని తక్కినవాళ్లను సముద్రం ఒక్కొక్కరినే ఒడ్డుకు చేర్చింది. వాళ్లకు చర్చిలో చావు గంట మోగింది, గోరీలు లేచాయి. సావేరియోను మాత్రం చేర్చలేదు.

కాలాస్పినాలో సముద్రం తీసుకున్న మనిషి, సముద్రం తిరిగి ఇచ్చేదాకా చావడు. ఒక ఎముకో, బూటో, ఏదో ఒకటి ఒడ్డుకు రావాలి. అంతవరకు గంట మోగదు. మృతుల పూజలో అతని పేరు చదవరు. బల్ల మీద కంచం తియ్యరు. తల్లి నల్లబట్ట కట్టదు. చావు జరిగిన ఇంట్లో ఆడమనిషి పెద్ద రాగి కాగులో అక్రోటు తొక్కలు వేసి మరగబెట్టి, ఉన్న బట్టలన్నీ అందులో ముంచి నల్లగా చేసుకోవడం అక్కడి ఆచారం. నుంజియా కాగు అటక మీదే ఉండిపోయింది. ఆమె ఎర్రపూల తలగుడ్డ కట్టుకునే తిరిగింది. దారినపోయే ఓడ ఏదో బిడ్డను ఎత్తుకుని ఉంటుంది, ఏదో దేశంలో ఏదో రేవులో ఉంటాడు, వస్తాడు. ప్రతి ఆదివారం చర్చి విచారణ గురువు దోన్ ఎలిజియో దగ్గరికి వెళ్లి, బతికున్నవారి కోసం చేసే ప్రార్థనలో కొడుకు పేరు చదివించేది.

ఆమెకు తెలియనిది ఒకటుంది. ఆ తర్వాతి వసంతంలో, ఒంటరిగా వేటకు వెళ్లిన రోజున, సముద్రంలోకి పొడుచుకొచ్చిన ముల్లుకొండ అవతల బియాజో వల బరువుగా వచ్చింది. పెద్ద చేపనుకుని సంతోషంగా లాగాడు. చేప కాదు. మెడలో కర్మెలు మాత ఉత్తరీయం ఉంది, రక్షణకని దారానికి కుట్టి వేసుకునే చిన్న గుడ్డ బిళ్లలు. గోధుమరంగు దారం అయిపోతే నుంజియా ఎర్రదారంతో కుట్టిన ఉత్తరీయం. ఇక మొహం అంటారా, సముద్రం మొహాలను ఉంచదు. ఆ మొహాన్ని కళ్లతోనే ప్రేమించిన తల్లికి దీన్ని చూపించడం ఎలా? అక్కడే పరలోకజపం చెప్పి, పడవలోని లంగరు రాయి కట్టి, వచ్చినవాణ్ణి వచ్చిన చోటికే దింపేశాడు. ఇంటికొచ్చి పొయ్యి వైపు తిరిగి, “ఇవాళ ఏమీ పడలేదు,” అన్నాడు.

అప్పటి నుంచి ఏళ్లు గడిచాయి. కంచం బల్ల మీదే ఉంది. ఎర్రపూలు వెలిసిపోతే నుంజియా కొత్త ఎర్రపూలు కొనుక్కుంది. చెబుదామని అతను ఎన్నోసార్లు ఆమె ఎదుట కూర్చున్నాడు. ఆమె కళ్లు అతని నోటి మీద నిలిచేవి, ఆశగా. నోరు రొట్టె గురించో, గాలి గురించో మాట్లాడి ఊరుకునేది.

ఒక వేసవిలో బాగ్దాదు నగరం లారీల మీద కాలాస్పినాకు వచ్చింది.

రోము నుంచి సినిమావాళ్లు. అరేబియా కథలతో సినిమా తీస్తారట. ఇసుక ఒడ్డున చెక్కలతో, సున్నంతో గుమ్మటాలు లేపారు. ఊళ్లో మగవాళ్లందరికీ తలపాగాలు చుట్టి వర్తకుల్ని చేశారు. సర్కసు నుంచి తెచ్చిన ఒంటె ఒక్కటే ఉంది. అదే బండరాయి చాటు నుంచి చుట్టూ తిరిగి తిరిగి వచ్చి బిడారంతా తానే అయింది. ఆఖరికి దానికి తల తిరిగి ఖలీఫా ఒళ్లో కూలబడిందని తద్దెయో ఇప్పటికీ ప్రమాణం చేస్తాడు. జాడీలోంచి లేచే జిన్ను వేషానికి ఒక వస్తాదును తెచ్చారు. ఒళ్లంతా ఆకుపచ్చ రంగు పూసుకున్న ఆ మహాకాయుడికి నీళ్లంటే భయం. మోకాలి లోతు దిగాలన్నా ఇద్దరు చెయ్యి పట్టుకోవాలి.

కథలో ఒక పేద జాలరి ఉంటాడు. వల వేసి లాగితే మూత బిగించిన జాడీ వస్తుంది. మూత తీస్తే జిన్ను లేస్తుంది. ఆ జాలరి కోసం డైరెక్టరు రేవంతా తిరిగి, బియాజో ఎవరితోనో వంకాయల ధర గురించి వాదిస్తుంటే చూసి ఆగిపోయాడు.

“ఆ పెదవులు చూశారా! ఒక్కో అక్షరం విడివిడిగా కనపడుతోంది. ఈయనకి గొంతు అతికించడం నల్లేరు మీద నడక,” అన్నాడు తన వాళ్లతో.

బియాజోకు అర్థం కాలేదు. “గొంతు అతికించడమేంటి బాబూ? నా గొంతుకేమైంది?”

“ఏమీ కాలేదు పెద్దాయనా. మేం ఇక్కడ మాటలు పట్టం. బొమ్మ ఒక్కటే తీస్తాం. మాటలు తర్వాత రోములో వేరే నటులు చెబుతారు. అదిగో ఖలీఫా గారిని చూడండి, ఏం మాట్లాడుతున్నాడో.”

బియాజో చూశాడు. ఖలీఫా సింహాసనం మీద నుంచి చెయ్యెత్తి మహా కోపంగా గర్జిస్తున్నాడు, “ఇరవై ఒకటి! ఇరవై రెండు! ఇరవై మూడు!”

“మీరూ అంతే. పది దాకా లెక్కపెట్టండి చాలు. భయంగా లెక్కపెట్టండి.”

బియాజో పడవెక్కాడు, వల విసిరాడు, లాగాడు. అడుగున ఈతగాళ్లు పెట్టిన జాడీ వలలో పడి వచ్చింది. దాన్ని చూసి పది దాకా లెక్కపెట్టాడు. డైరెక్టరు తల పట్టుకున్నాడు.

“పెద్దాయనా, సార్డీన్ చేపలు లెక్కేసి బుట్టలో వేస్తున్నట్టుంది! వలలో ఏం పడిందో మీకు తెలియదు. చేపనుకుని ఆశపడ్డారు. చేప కాదు. అప్పుడు కడుపులోంచి ఏం వస్తుంది? ఆ మాటే అనండి. ఏదైనా సరే. ఎవరికీ వినపడదు.”

“ఎవరికీనా?”

“దేవుడికి తప్ప.”

మళ్లీ వల పడింది. మళ్లీ లాగాడు. ఈసారి జాడీకి పాచి చుట్టుకుని వచ్చింది. ఎండలో ఆ పాచి ఎర్రగా, తడి జుట్టులాగా ఉంది. బియాజో చేతుల్లో తాడు ఆగిపోయింది. ఎదురుగా బొమ్మ తీసే మిషను ఉంది, దాని వెనక రోమువాళ్లున్నారు, అతను ఎవరినీ చూడలేదు.

“సావే,” అన్నాడు. “నువ్వేనా నాన్నా? ఇక్కడున్నావా? అమ్మ కుట్టిన ఉత్తరీయం ఉందిరా నీ మెడలో. నిన్నిలా అమ్మ చూడకూడదు. నిన్ను మళ్లీ దింపేస్తున్నాను. కోప్పడకురా. అమ్మకి చెప్పను.”

పెదవులు నిండుగా, నిదానంగా, అలవాటు ప్రకారమే కదిలాయి.

డైరెక్టరు కాసేపు “చాలు” అనడం మరిచిపోయాడు. తర్వాత అందరూ చప్పట్లు కొట్టారు. జిన్ను వేషగాడు కళ్లు తుడుచుకుంటే బుగ్గల మీద ఆకుపచ్చ రంగు చెరిగి, కింద మామూలు మనిషి కనిపించాడు.

ఆ సాయంత్రం బియాజో మెట్లదారిన ఇంటికి పోతుంటే కాళ్లు తేలిగ్గా పడ్డాయి. ఇన్నేళ్లలో మొదటిసారి ఆ మాట నోటి బయటికి వచ్చింది. దేవుడు తప్ప ఎవరూ వినలేదు. మంచి పాపసంకీర్తనం చేసుకుని వచ్చినట్టుంది.

గుమ్మంలో నుంజియా నిలబడి ఉంది. నవ్వుతూ అతని నోటి వైపే చూస్తోంది.

“ఆ మిషను ముందు ఏం మాట్లాడావు?”

అప్పుడు తెలిసింది అతనికి, తానేం చేశాడో. రోమువాళ్లకు మాట అంటే చెవికి సంబంధించిన వస్తువు. చెవికి అందకపోతే అది లేనట్టే. వాళ్ల లెక్కను నమ్మి అతను నోరు విప్పాడు. తన ఇంట్లో మాట ఏనాడూ చెవి గుండా రాలేదన్న సంగతే మరిచాడు. పొయ్యి వైపు తిరిగాడు. నిండుగా మండుతున్న పొయ్యిలో ఇంకో కట్టె పెట్టాడు.

“అంకెలు. పది దాకా,” అన్నాడు.

నుంజియా అతని వీపును చూస్తూ కాసేపు నిలబడింది. 

సినిమావాళ్లు వెళ్లిపోయారు. వానలకు బాగ్దాదు కరిగి సున్నపు ముద్దయింది. పోయిన వస్తువులు దొరకాలని పునీత అంతోనివారికి కొవ్వొత్తి వెలిగించడం అందరూ చేసేదే. దొరికినదాన్ని పోగొట్టమని వెలిగించిన మొదటి మనిషి బియాజోనే అయ్యుంటాడు. సినిమా రీలు కాలిపోవాలి, లేదా రోములో ఎవరైనా ఆ ముక్క కత్తిరించెయ్యాలి. అంతోనివారు ఇలాంటి పనులు చేయరు. చలికాలం ముగుస్తుండగా తద్దెయో మెట్ల మీద నుంచే కేకేశాడు.

“మామా! వచ్చే ఆదివారం చర్చి హాల్లో నీ సినిమా! కొట్టు మూసేస్తున్నా. నువ్వు చచ్చినా మూసేవాణ్ణి కాదు, తెలుసా?”

చర్చి వెనకాల హాల్లో ఆదివారం మధ్యాహ్నాలు కిటికీలు మూసి దోన్ ఎలిజియో సినిమాలు వేసేవాడు. యంత్రం ఆయనే తిప్పేవాడు. తెర మీద ఎవరైనా ముద్దుకు సిద్ధమైతే చాలు, ఆయన నల్లటోపీ తీసి యంత్రం అద్దానికి అడ్డం పెట్టేవాడు. తెర చీకటి. సంగీతం మాత్రం సాగేది. హాల్లో కుర్రకారు ఈలలు వేసి ఎన్ని టోపీలు పడ్డాయో లెక్కపెట్టుకునేవాళ్లు. “ఎలా ఉంది సినిమా?” అంటే “ఆరు టోపీల సినిమా” అని చెప్పేవాళ్లు.

ఆ హాల్లో నుంజియాకు ముందు వరస ఖాయం. ఆమె పక్కన చోటు కోసం ఆడవాళ్లు కొట్టుకునేవాళ్లు. ఎందుకంటే తెర మీద రాకుమారి “ప్రాణనాథా” అని మూర్ఛపోతుంటే నుంజియా మెల్లగా చెప్పేది, “కాదే, ‘చెప్పు కరుస్తోంది’ అంటోంది.” వీరుడు కత్తి దూసి శపథం చేస్తుంటే, “పద్దెనిమిది, పంతొమ్మిది.” ఆ వరసలో లేచే నవ్వులకు వెనకవాళ్లు విసుక్కునేవాళ్లు.

బియాజో ముందు భార్యను ఆపబోయాడు. “అందులో సగం గుడ్డలు కట్టుకున్న నాట్యగత్తెలున్నారే. పాపం.”

“నువ్వు చూసొచ్చావుగా. నేనూ చూస్తే సరిసమానం,” అంది ఆమె. “మా ఆయన గోడంత పెద్దగా కనిపిస్తుంటే నేను ఇంట్లో కూర్చుని చిక్కుళ్లు ఒలవాలా?”

ఇక చేసేది లేక దోన్ ఎలిజియో దగ్గరికి వెళ్లాడు.

“అయ్యగారూ, నా దృశ్యం వచ్చినప్పుడు టోపీ పెట్టండి.”

గురువు పకపకా నవ్వాడు. “నువ్వెవర్ని ముద్దు పెట్టుకున్నావయ్యా? ఆ జాడీనా?”

బియాజో నవ్వలేదు. గురువు నవ్వు ఆగిపోయింది. “కూర్చో,” అన్నాడు. బియాజో కూర్చోలేదు. నిలబడే అంతా చెప్పాడు, ముల్లుకొండ అవతలి రోజు నుంచి మిషను ముందు నిలబడ్డ రోజు దాకా. కూర్చోవలసి వచ్చింది గురువుకే.

“ఇన్నేళ్లూ,” అన్నాడాయన, “ప్రతి ఆదివారం ఆ బిడ్డ పేరు బతికున్నవారిలో చదివాను. ఎదురుగా నువ్వు మోకాళ్ల మీద ఉన్నావు. ‘ఆమెన్’ అన్నావు.”

“అన్నాను.”

“ఆవిడకి ఏడ్చే హక్కుంది బియాజో. అది నువ్వు అట్టే పెట్టుకున్నావు.”

“చూపించమంటారా అయ్యా ఆ మొహాన్ని? వాడు నవ్వితేనే మాట అర్థమయ్యేది దానికి. వాడి మొహం తప్ప దానికేముంది?”

దోన్ ఎలిజియో టోపీని చేతుల్లో గిరగిరా తిప్పాడు. “ఇది పాపాన్ని కప్పడానికి పెట్టుకున్న టోపీ. దీంతో దేన్ని కప్పమంటున్నావో నాకే తెలియడం లేదు. సరే. పెడతాను. కానీ టోపీ ఎంతసేపుంటుంది చెప్పు?”

ఆదివారం హాలు కిక్కిరిసింది. కిటికీల చెక్కలు మూశారు. నుంజియా కొత్త ఎర్రపూల తలగుడ్డ కట్టుకుని ముందు వరసలో కూర్చుంది. బియాజో కూర్చోలేక పక్క గోడకు ఆనుకుని నిలబడ్డాడు. తెర మీద గుమ్మటాలు మెరిశాయి. “అదిగో మా మేనమామ!” “ఆ తలపాగా నాదే!” “ఒంటె! మళ్లీ అదే ఒంటె!” అని అరుపులు. ఖలీఫా గర్జించాడు. “ఇరవై ఒకటి, ఇరవై రెండు,” అంది నుంజియా. ముందు వరస ఘొల్లుమంది. తివాచీ ఎగిరింది. నాట్యగత్తెలు వచ్చారు, టోపీ పడింది, ఈలలు లేచాయి, టోపీ లేచింది.

ఆ తర్వాత సముద్రం. పడవ. వల విసిరే చేతులు.

“బియాజో!” అని హాలంతా ఒక్క గొంతుతో అరిచింది. జాలరి వల లాగాడు, వంగి చూశాడు, అతని మొహం తెరంతా నిండబోయింది. టోపీ పడింది.

ఒక్క క్షణం ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. తర్వాత బల్లలు దడదడలాడాయి.

“ఏంటి అయ్యగారూ! మా మామ చేపని ముద్దాడుతున్నాడా?” తద్దెయో గొంతు. “టోపీ తియ్యండి! మనవాడు! మనవాడు!”

చీకట్లో నుంజియా తెరను చూడడం మానేసి తల తిప్పింది. అందరూ వెనక్కి తిరిగి యంత్రాన్ని చూస్తున్నారు. ఆమె మాత్రం గోడ దగ్గరి మొగుణ్ణి చూసింది. టోపీ అంచుల్లోంచి జారిన వెలుగులో అతని మొహం కనపడింది. పొయ్యి అందుబాటులో లేదు, తిప్పుకోవడానికి.

ఆమె లేచింది. బల్లల మధ్యనుంచి నడిచి యంత్రం దాకా వెళ్లింది. ఊళ్లో చాలామంది అంతకుముందెన్నడూ బయట వినని ఆమె గొంతు, గులకరాళ్లు దొర్లినట్టుండే ఆ గొంతు, హాల్లో లేచింది.

“అయ్యగారూ. ఆయన నా మొగుడు. ఆయన నోరు నాకు కనపడాలి.”

దోన్ ఎలిజియో టోపీ తీసేశాడు.

గోడంత మొహం. పెదవులు నిదానంగా, నిండుగా కదులుతున్నాయి. ఆ పెదవుల మీద రోము నటుడెవరిదో తియ్యటి గొంతు పాడినట్టు పలుకుతోంది, “ఓ సముద్రమా, దయగల తల్లీ! ఈ పేద జాలరికి నేడు ఏ నిధిని ప్రసాదించావు?” హాలు చప్పట్లతో దద్దరిల్లింది. నుంజియాకు ఆ గొంతూ వినపడలేదు, చప్పట్లూ వినపడలేదు. యంత్రం పక్కన నిలబడి ఆమె చదివింది. చివరి మాట దాకా చదివింది.

జిన్ను లేచింది. ముందు వరసలోని ఆడవాళ్లు వెనక్కి తిరిగి, పెద్దపెద్దగా నోళ్లు కదుపుతూ అడిగారు, “నుంజియా! నిజంగా ఏమన్నాడే? మీ ఆయన ఏమన్నాడు?”

అందరి కళ్లూ ఆమె మీదే. 

“అంకెలు,” అంది నుంజియా. “పది దాకా.”

నవ్వులు లేచాయి. ఆమె తలుపు తీసుకుని మధ్యాహ్నపు ఎండలోకి వెళ్లిపోయింది.

బియాజో వెనకే పరుగెత్తాడు. ఇంట్లో ఆమె బల్ల దగ్గర, కొడుకు కంచానికి ఎదురుగా కూర్చుని ఉంది. అతను ముందుకొచ్చి మోకాళ్ల మీద కూర్చుని, “నుంజియా,” అనబోయాడు. ఆమె కళ్లు మూసుకుంది.

చెవులున్నవాళ్లు కోపమొస్తే తలుపులేసుకుంటారు, తిడతారు, పుట్టింటికి పోతారు. ఆమె కళ్లు మూసుకుంటే చాలు, అతను మూగవాడైపోయాడు. ఆ రోజూ అంతే, మర్నాడూ అంతే. వంట చేసింది, వడ్డించింది, అతను నోరు తెరిచినప్పుడల్లా కళ్లు మూసుకుంది. ఒకసారి అతను ఆమె చేతిని పట్టుకుని తన పెదవుల మీద పెట్టుకున్నాడు. ఆమె చెయ్యి లాగేసుకుంది.

ఒక పొద్దున అటక మీద చప్పుడైంది. నుంజియా రాగి కాగు దించుతోంది. సాయం చేయబోతే భుజంతో తోసేసింది. వీధిలోకి ఈడ్చి, రాళ్ల పొయ్యి మీద పెట్టి, అక్రోటు తొక్కలు పోసి మంట పెట్టింది. ఆ వాసన మెట్ల వెంట రేవు దాకా దిగింది. ఇళ్లలోంచి ఆడవాళ్లు ఒక్కొక్కరే వచ్చి దూరంగా నిలబడ్డారు. ఎవరికీ ఎవరూ ఏమీ చెప్పనక్కర్లేకపోయింది. ఆమె లంగాలు ముంచింది, రవికెలు ముంచింది. ఆఖరికి తలమీది ఎర్రపూల గుడ్డ విప్పి చేతిలో పట్టుకుంది గానీ, ముంచలేదు. తద్దెయో టోపీ చేతిలో పట్టుకుని వచ్చి, కాగు కింద రెండు కట్టెలు పెట్టి వెళ్లిపోయాడు. ఎవరు వెళ్లి చెప్పారో, చర్చి గంట మోగింది. సావేరియోకు గంట.

బట్టలారాక, నల్లబట్టల్లో ఆమె బియాజో ముందుకొచ్చి నిలబడింది. కళ్లు తెరిచే ఉన్నాయి.

“ఎక్కడ?” అంది.

ఆ ఊళ్లో ఆడది వేట పడవ ఎక్కదు. ఎక్కితే ఏడాది పాటు వలలో చేప పడదంటారు. రేవులో వలలు బాగుచేసుకుంటున్న మగవాళ్లు చూశారు, నుంజియా నీళ్లలోకి దిగి పడవ ఎక్కడం. ఒక్కరూ వారించలేదు. ఇద్దరు లేచి పడవను లోతు నీళ్లలోకి తోశారు.

ముల్లుకొండ అవతల బియాజో తెడ్లు ఎత్తేశాడు. నీళ్లు ముదురు నీలంగా, కదలకుండా ఉన్నాయి. ఆమె అతనికెదురుగా, మోకాలికి మోకాలు తగిలేలా కూర్చుంది.

“చెప్పు,” అంది. “అంతా. మొహం తిప్పకు.”

చెప్పాడు. వల ఎంత బరువుగా వచ్చిందో చెప్పాడు. ఎర్రదారం గురించి చెప్పాడు. మొహం గురించి చెప్పబోయి ఆగిపోతే ఆమె అతని గడ్డం పట్టుకుని తన వైపు తిప్పుకుంది. అదీ చెప్పాడు. ఏ జపం చెప్పాడో, ఏ రాయి కట్టాడో చెప్పాడు. ఆమె కళ్లు అతని నోటి మీద నుంచి కదలలేదు.

“వాడు నీకు బరువయ్యాడా?” అని అడిగింది ఆఖరికి.

“ఇప్పటిదాకా,” అన్నాడు.

“నాకు సగం ఇచ్చి ఉండాల్సింది.”

ఆమె ఎర్రపూల తలగుడ్డలో ఇంటి నుంచి తెచ్చిన రొట్టె ముక్క, ఒక రాయి పెట్టి ముడివేసి నీళ్లలోకి వదిలింది. పూలు కొంతసేపు కనిపించాయి. తర్వాత నుంజియా పడవ అంచు మీదికి వంగి, గొంతెత్తి, “సావే!” అని పిలిచింది. ఆమెకు ఆ పిలుపు వినపడలేదు. కొండకు తగిలి అది తిరిగి వచ్చిందన్నది కూడా బియాజోనే పెదవులతో చెప్పాడు.

మరుసటి వేసవి ఊరి పండుగకు కుర్రకారు మళ్లీ ఆ సినిమానే కావాలన్నారు. దోన్ ఎలిజియో వేయనన్నాడు. నుంజియా వెళ్లి వేయమంది. అప్పటికి ఊళ్లో అందరికీ తెలుసు, ఆ పెదవులు ఏమన్నాయో.

ఆ మధ్యాహ్నం బియాజో గోడ దగ్గర నిలబడలేదు. ముందు వరసలో నల్లబట్టల పక్కన కూర్చున్నాడు. ఒంటె తిరిగింది, ఖలీఫా గర్జించాడు, ఎవరూ అడగకుండానే నుంజియా “ఇరవై ఒకటి” అంది, పక్కవాళ్లు భయం భయంగా నవ్వారు. సముద్రం వచ్చింది. పడవ వచ్చింది. యంత్రం దగ్గర గురువు టోపీ చేతిలోకి తీసుకుని నుంజియా వైపు చూశాడు. ఆమె వెనక్కి తిరిగి, వద్దని తల ఊపింది.

జాలరి మొహం తెరంతా నిండింది. అప్పుడు తద్దెయో తన టోపీని కళ్ల మీదికి దించుకున్నాడు. అతని పక్కవాడూ దించుకున్నాడు. వరస వెంట వరసగా మగవాళ్లంతా టోపీలు దించుకున్నారు. ఆడవాళ్లు తలగుడ్డలు మొహాల మీదికి లాక్కున్నారు. తియ్యటి గొంతు దయగల సముద్రాన్ని పొగుడుతూనే ఉంది. ఆ హాల్లో తెర వైపు చూస్తున్నది ఒక్క నుంజియా మాత్రమే. పక్కన బియాజో ఆమె చేతిని పట్టుకుని, తెర మీది పెదవులతో పాటు తన పెదవులూ కదుపుతున్నాడు.